నూక గవ్వలు

ఈ దేశం బియ్యంలో రాళ్ళుండవు. మట్టిబెడ్డలుండవు, వడ్లగింజలుండవు. సంచికి కుట్టిన దారం లాగితే చాలు, కడిగి ఎసట్లో పోసుకోవడమే. అయినా కాలిఫోర్నియాలోని డబ్లిన్‌లో మా అమ్మాయి ఇంటికి వచ్చి స్థిరపడిన దగ్గర్నుంచీ, కొత్త సంచి విప్పిన ప్రతిసారీ మా ఆయన బియ్యం చేటలో పోసుకుని కిటికీ దగ్గర కూర్చునేవారు. ఆ వెదురు చేట నేను సూట్‌కేసులో చీరల మధ్య పెట్టి తెచ్చుకున్నది. విమానాశ్రయంలో దాన్ని అటు తిప్పి ఇటు తిప్పి చూశారు గానీ, పారేయలేదు.

“లేని రాళ్ళు ఏరుకుంటూ ఉన్న కళ్ళు పోగొట్టుకుంటారేంటండీ?” అని నేను కసురుకునేదాన్ని.

“అలవాటే. చేతులు ఊరుకోవు,” అనేవారు.

ఆయన పని చేసింది గోదావరి జిల్లాలో ఒక రైసుమిల్లులో. మచ్చు చూసి సరుకు రకం తేల్చడం ఆయన పని. నల్లటి అట్టముక్క మీద గుప్పెడు బియ్యం పరిచి, చూపుడువేలి కొసతో నిండుగింజలు ఇటు, నూకలు అటు, రంగు తేలినవి ఇంకో పక్కకి తోసుకుంటూ పోయేవారు. బేరగాళ్ళు సంచి మూతి విప్పి “ఓ మాట చెప్పండి, ఇది ఎలాంటి సరుకో” అని తొందరపెట్టినా చెప్పేవారు కాదు. “పరిచి చూడకుండా చెప్పకూడదు” అనేవారు. ఆ ఒక్క మాటా ఇంట్లో కూడా అన్నిటికీ వాడేవారు. మా అమ్మాయికి సంబంధం వచ్చినా అదే మాట, పక్కింటి వాళ్ళ గొడవ మన దాకా వచ్చినా అదే మాట.

మా అమ్మాయికి ఒక్కతే కూతురు. మేం వచ్చేటప్పటికి పిల్ల ఇంకా సరిగ్గా నడవడం లేదు. తాత ఒళ్ళో కూర్చుని నడక నేర్చుకోకముందే నూకలు ఏరడం నేర్చుకుందంటే నమ్మండి. ఆరేళ్ళు వచ్చేసరికి దాని వేళ్ళు ఆయన వేళ్ళకంటే చురుగ్గా ఆడేవి. నూక దొరికితే ఆయన అరచేతిలో పెట్టేది. “బ్రోకెన్, తాతయ్యా.” “శభాష్. ఇది సగం నూకా, ముప్పాతికా?” “సగం.” “సరిగ్గా చూడు.” “ముప్పాతిక!” అలా సాగేది ఇద్దరికీ. ఏరిన నూకలు నేను పారేయనిచ్చేదాన్ని కాదు. డబ్బాలో పోసి ఉంచి ఉప్మా చేసేదాన్ని. నా చేతి కింద ఏదీ వృథా పోదు. మా అమ్మాయి నన్ను పిసినారి అంటుంది. అననీ.

పోయిన చలికాలం ఆయన పోయారు. పొద్దున్న కాఫీ తాగి, ఛాతీ పట్టేసినట్టుందన్నారు. అంబులెన్సు వచ్చింది, ఆసుపత్రికి తీసుకెళ్ళారు, మళ్ళీ ఇంటికి రాలేదు. దాని గురించి రాయడానికి నాకు ఇంతకంటే మాటలు లేవు.

రాయాల్సింది తర్వాత జరిగినది.

మా వైపు దహనం అయ్యాక మగవాళ్ళు వెళ్ళి అస్థికలు చేత్తో ఏరి కుండలో పెడతారు. వాటిని ఇంట్లోకి తేరు. ఊరి బయట ఏ చెట్టుకో కడతారు, తర్వాత నీళ్ళలో కలుపుతారు. ఇక్కడ ఏరడం లేదు. అంతా మిషన్‌లో వేసి పొడి చేసి ప్లాస్టిక్ డబ్బాలో పెట్టి ఇస్తారని అల్లుడు నెమ్మదిగా చెప్పాడు. ఎంతో మెల్లగా, నేను ఎక్కడ పడిపోతానో అన్నట్టు చెప్పాడు. నేను పడిపోలేదు. “డబ్బా ఇంట్లోకి తేవద్దు” అని మాత్రం అన్నాను. గరాజ్‌లో అర మీద పెట్టారు. ఆ వారమంతా ఆ తలుపు వైపు నేను చూడలేదు.

గోదావరికి తీసుకెళదాం అంది మా అమ్మాయి. “గోదావరి మాత్రం చివరికి ఎక్కడికి పోతుంది? సముద్రంలోకే కదా. మధ్యలో విమానం ఎందుకు?” అన్నాను. హాఫ్ మూన్ బే దగ్గర హార్బర్‌లో అల్లుడు చిన్న బోటు బుక్ చేశాడు. పంతులుగారు ఊళ్ళోంచి ఫోన్‌లో మంత్రం చెబుతానన్నారు. నేను బోటు ఎక్కలేదు. మా ఇళ్ళలో భార్య అస్థికలు చూడదు. ఒడ్డున కారులో కూర్చున్నాను. పిల్లని నా దగ్గర ఉంచమంటే అది కారు తలుపు పట్టుకుని ఏడ్చి గోల చేసింది. చివరికి దాన్ని కూడా తీసుకెళ్ళారు.

తిరిగి వచ్చాక అల్లుడు కారులో కూర్చుని, “అత్తయ్యగారూ, హార్బర్ దాటగానే సిగ్నల్ పోయింది. మంత్రం సగంలో ఆగిపోయింది. మిగతాది నాకు వచ్చింది చెప్పేశాను,” అన్నాడు.

“మీకేం వచ్చండీ?”

“గోవిందా గోవిందా అని.”

“చాలు. ఆయనకి అదే చాలు,” అన్నాను. పిల్ల వెనక సీట్లో కిటికీకి ముక్కు ఆనించి సముద్రం వైపే చూస్తోంది. కారు మలుపు తిరిగాక అడిగింది: “అమ్మమ్మా, సీలో వేసినవి సీ ఉంచుకుంటుందా?”

“సముద్రం ఏదీ ఉంచుకోదే. అన్నీ ఎప్పటికో ఒడ్డుకి విసిరేస్తుంది,” అన్నాను. కొబ్బరిబోండాం గురించి అడిగినా అదే చెప్పేదాన్ని. ఏదో ఆలోచనలో ఉన్నాను, నోటికొచ్చింది చెప్పాను.

ఆ తర్వాత నెలకి ఒకటి రెండుసార్లు మేం ఆ పక్కనే ఉన్న రాళ్ళ బీచ్‌కి వెళ్ళడం మొదలైంది. అడిగేది పిల్లే. అత్తగారికి గాలి మారుతుందని అల్లుడు కూడా సరే అనేవాడు. నీళ్ళు వెనక్కి తగ్గినప్పుడు అక్కడ నల్లటి రాళ్ళు బయటపడతాయి. రాళ్ళ సందుల్లో కెరటం తెచ్చిన చెత్త చారలుగా ఆగుతుంది: ఇసుక, నాచు, పగిలిన గుల్లల రజను. నేను మడతకుర్చీలో మా ఆయన స్వెటర్ వేసుకుని కూర్చునేదాన్ని. ఆ స్వెటర్ ఇంకా పదేళ్ళు వస్తుంది, ఎందుకు పారేయడం? పిల్ల ఆ చారల దగ్గర గొంతుక్కూర్చుని, ముక్కు ఇసుకకి తగిలేంతగా వంగి, వేలికొసతో ఏవో ఏరుతూ ఉండేది. గంటలు గంటలు. లేచి రమ్మంటే వచ్చేది కాదు. ఐప్యాడ్ మర్చిపోయిందని మా అమ్మాయి సంబరపడింది. నేనూ సంబరపడ్డాను. ఏం ఏరుతున్నావని ఎవరం అడగలేదు.

ఇంట్లో అందరూ బయటికి వెళ్ళిన ఒక రోజు పిల్ల గదిలో వాసన తగిలింది. ఎండుచేపల వాసన కాదది, అది నాకు బాగా తెలుసు. కుళ్ళిన వాసన. ఏ అరటిపండు తొక్కో దాచి ఉంటుందని మంచం కింద చూశాను, స్కూలు సంచీ చూశాను. చివరికి బట్టల అలమరలో అట్టడుగున దొరికింది. మా ఆయన మంకీ క్యాప్. స్వెటర్ తప్ప ఆయన బట్టలన్నీ దానం డబ్బాలో వేసిన రోజున ఇది ఒక్కటే కనపడలేదు. దాని కోసం ఇల్లంతా వెతికి విసుక్కున్నాను కూడా. ఆ క్యాప్‌లో చుట్టి, ఆయన బీపీ మాత్రల సీసా ఉంది. ఇక్కడ మందుల షాపుల్లో ఇచ్చే నారింజరంగు సీసా. అవి ఖాళీ అయితే నేను కడిగి ఆవాలు, మెంతులు పోసుకుంటాను. ఇది నా లెక్కలోకి రాలేదు.

మూత తీశాను. గుప్పుమంది. లోపల సగానికి పైగా నూకలు.

ఒక్క క్షణం నిజంగా నూకలే అనుకున్నాను. అరచేతిలో పోసుకుంటే తెలిసింది, గవ్వలు. ఇంత చిన్న గవ్వలు నేనెప్పుడూ చూడలేదు. మనం గవ్వలాట ఆడే గవ్వకి మనవరాలికి మనవరాలు అన్నట్టున్నాయి. తెల్లగా, నున్నగా, ఒక పక్క సన్నగా నోరు తెరుచుకుని, వెలుగులో పెడితే లోపలి దాకా వెలుతురు పోయేలా ఉన్నాయి. కొన్నిట్లో నల్లగా ఏదో ఎండిపోయి అంటుకుని ఉంది. వాసన అదే. పురుగు బతికుండగానే ఏరి, సీసాలో వేసి మూత పెట్టింది పిచ్చిపిల్ల.

టీ వడకట్టే జల్లెడలో పోసి, ఉప్పు వేసిన వేడినీళ్ళతో రెండు మూడుసార్లు కడిగాను. పేపరు మీద పరిచి వెనకవైపు ఎండలో పెట్టాను. ఎండేసరికి ముత్యాల్లా ఉన్నాయి. ఉంటే మాత్రం? మళ్ళీ కంపు కొడతాయి. పారేయబోయి ఆగాను. మా కరివేపాకు మొక్కకి నేను కోడిగుడ్డు పెంకులు దంచి వేస్తుంటాను. ఆ మొక్క ఇక్కడి చలికి ముడుచుకుని, ఎంత చేసినా తేరుకోవడం లేదు. గుల్ల అయినా పెంకు అయినా సున్నమే. ఒక గుప్పెడు చిన్న రోట్లో పోసి, పచ్చడిబండ తీసుకుని దంచడం మొదలుపెట్టాను. పటపటమని చిట్లాయి. అంత చిన్నవి అంత గట్టిగా ఉంటాయనుకోలేదు.

అప్పుడే స్కూలు బస్సు దిగి వచ్చింది పిల్ల. నన్ను చూసింది. రోలు చూసింది. పేపరు మీద ఎండుతున్నవి చూసింది.

“నో! అమ్మమ్మా, నో నో నో!”

“ఏమైందే? ముందు ఆ బూట్లు విప్పు.”

“స్టాప్! నువ్వు తాతయ్యని దంచేస్తున్నావ్!”

పచ్చడిబండ నా చేతిలో అలాగే ఉండిపోయింది. పిల్ల సంచీ విసిరేసి వచ్చి రోలు రెండు చేతులతోనూ పట్టుకుని ఒళ్ళోకి లాక్కుంది. దానికది మోయలేని బరువు. అయినా వదల్లేదు.

“ఏం మాటలే అవి? తాతయ్యేంటి? అవి గవ్వలు.”

“కాదు! నేను చూశాను. బోట్‌లో డాడీ బాక్స్‌లోంచి బ్యాగ్ తీసి ఓపెన్ చేస్తే చూశాను. వైట్ వైట్ చిన్న చిన్నవి. సేమ్ ఇవే.” ఏడుపు దిగమింగుతూ చెబుతోంది. “సీ ఉంచుకోదని నువ్వే చెప్పావ్. బయటికి విసిరేస్తుందని చెప్పావ్. అందుకే ఏరాను.”

“ఏరి?”

“అన్నీ దొరికాక నీకిద్దామని. సర్‌ప్రైజ్.”

గుమ్మం మీద కూర్చుండిపోయాను. పిల్ల రోట్లో పొడిని వేలితో ఒక పక్కకి కూడదీస్తోంది. చిట్లిన ముక్కలు విడిగా, పొడి విడిగా. సగం, ముప్పాతిక. ఎవరు నేర్పిన పని ఎక్కడ అక్కరకొచ్చిందో చూడండి.

సాయంత్రం మా అమ్మాయి ఆఫీసు నుంచి వచ్చాక విషయం చెప్పాను. విని సోఫాలో కూలబడి కాసేపు ఏడ్చింది. తర్వాత ముఖం కడుక్కుని ఫోన్ తీసుకుని కూతుర్ని పక్కన కూర్చోబెట్టుకుంది.

“చూడు బంగారం, ఇది నత్త. సీ స్నెయిల్. ఇంతే ఉంటుంది, రైస్ గ్రెయిన్ అంత. ఇదిగో పిక్చర్. నీ దగ్గరున్నవి ఇవే.”

“నో.”

“సేమ్ షేప్ కదమ్మా?”

“ఫోన్‌లో అన్నీ ఉంటాయి. ఫోన్ తాతయ్యని చూడలేదు. నేను చూశాను.” చేతులు కట్టుకుని కూర్చుంది. అన్నం తినలేదు.

వంటింట్లో మా అమ్మాయి గొంతు తగ్గించి నాతో అంది: “అమ్మా, నువ్వు చెప్పు. నీ మాటైతే వింటుంది. లేకపోతే ఇది ఇలాగే ఏరుకుంటూ కూర్చుంటుంది. ఎన్నాళ్ళని? నాకు భయంగా ఉంది.”

నాకూ భయం వేసింది. పోయినవాళ్ళవి ఇంట్లో ఉంచుకోకూడదంటారు. అవి గవ్వలే, నిజమే, కానీ దాని మనసులో కాదు కదా. దానికి అవి ఆయనే. ఎప్పటికీ పూర్తికాని పనికి ఆ పసిది కూర్చుంది, కూర్చున్నది నా మాట పట్టుకుని. చెప్పడం నావల్ల కాని పనేమీ కాదు. కష్టమైన మాట చెప్పడానికి నేనెప్పుడూ వెనకాడలేదు. అయిదో తరగతి దాకా చదివినదాన్ని, మాటలకి చక్కెర పూయడం నాకు రాదు. చెప్పేద్దామనే పిల్ల గదిలోకి వెళ్ళాను.

మంచం మీద ముడుచుకుని పడుకుంది. సీసా చేతిలోనే ఉంది. మిగిలిన గవ్వలన్నీ మళ్ళీ అందులో పోసుకుంది. దంచిన పొడి కాగితంలో పొట్లం కట్టుకుంది.

చెప్పడానికి నోరు తెరిచాను. తెరిస్తే వేరే మాట వచ్చింది.

“తాతయ్య ఎలా ఉన్నారే?”

పిల్ల లేచి కూర్చుంది. “అంటే?”

“నువ్వు చూశావుగా. నేను చూడలేదు.”

“నువ్వు చూళ్ళేదా?” నమ్మలేనట్టు నా ముఖంలోకి చూసింది. “వై?”

“మాలో భార్య చూడకూడదు.”

“మమ్మీ చూసింది.”

“మీ అమ్మ కూతురు. చూడొచ్చు.”

ఈ లెక్క దానికి నచ్చలేదని ముఖం చూస్తే తెలుస్తోంది. తర్వాత నా చెయ్యి లాక్కుని, వేళ్ళు విప్పి, సీసా వంచి అరచేతిలో గవ్వలు పోసింది. పొట్లం విప్పి పైన కొంచెం పొడి చల్లింది.

“ఇలాగ. ఇంకొంచెం గ్రే. విండ్ వచ్చింది. కొంచెం డాడీ షర్ట్ మీద పడింది. డాడీ తుడుచుకోలేదు.”

నేను చూశాను. మిల్లులో ధాన్యం బస్తా ఒంటిచేత్తో పక్కకి జరిపిన మనిషి. మా ఇంటి గుమ్మంలో తల వంచి రావలసిన మనిషి. ఆయనకి అన్నం వడ్డిస్తే పళ్ళెం చాలదు. ఆ వారమంతా గరాజ్‌లో ఉన్నప్పుడు నేను తలుపు తీయలేదు. బోటు ఎక్కలేదు. చూడకూడదన్నారు, చూడలేదు. ఇప్పుడు ఈ పిల్ల నా అరచేతిలో పోసి చూపిస్తోంది.

ఎంతసేపు చూశానో తెలియదు. “అమ్మమ్మా, కేర్‌ఫుల్, పడిపోతాయి,” అని పిల్ల కింద తన చెయ్యి పట్టింది.

ఆ తర్వాత గవ్వలు సీసాలో పోయించాను. మూత నేనే బిగించాను. “ఇవి తాతయ్యో, గవ్వలో నేను చెప్పను. మీ అమ్మ ఫోనూ చెప్పక్కర్లేదు. పరిచి చూడకుండా చెప్పకూడదని తాతయ్య అనేవారా, లేదా?”

“అనేవాడు.”

“అయితే శనివారం వెళదాం. నీళ్ళలో చూద్దాం. నీ కళ్ళతో నువ్వే చూడు.”

“ఒకవేళ తాతయ్యే అయితే?”

“అప్పుడు ఇంటికి తెచ్చుకుందాం,” అన్నాను. డబ్బా ఇంట్లోకి తేవద్దన్నది నేనే.

శనివారం పొద్దున్నే నీళ్ళు బాగా వెనక్కి వెళ్ళాయి. ఆ బీచ్‌లో వచ్చినవాళ్ళకి రాళ్ళ మధ్య బతికే జీవాల గురించి చెప్పడానికి కొందరు స్వచ్ఛందంగా వస్తుంటారు. ఆ రోజు ఉన్నావిడ నా వయసుదే అయ్యుంటుంది. నీలంరంగు కోటు, మోకాళ్ళ దాకా రబ్బరు బూట్లు, మెడలో భూతద్దం. మా అమ్మాయి సీసా చూపించి ఆవిడతో ఇంగ్లీషులో ఏదో చెప్పింది. నాకు అర్థమైనంతలో అంతా చెప్పింది. ఆవిడ ముఖం మారింది. పిల్ల ముందు మోకాళ్ళ మీద కూర్చుని, “షల్ వి గో లుక్?” అంది.

ఒక చిన్న రాయి రెండు చేతులతోనూ నెమ్మదిగా, నిద్రపోతున్న బిడ్డని తిప్పినట్టు తిప్పింది. కింద నీళ్ళు నిలిచిన గుంట. భూతద్దం పిల్లకి ఇచ్చి వేలు పెట్టి చూపించింది. నేనూ వంగాను. నాచు పోగు మీద ఆవగింజకంటే కాస్త పెద్దది, మచ్చమచ్చల చుక్క ఒకటి కదులుతోంది.

“ఇది కాదు,” అంది పిల్ల వెంటనే. “నావి వైట్.”

మా అమ్మాయి అది ఇంగ్లీషులో చెప్పింది. ఆవిడ తల ఊపి, నీళ్ళలో తేలుతున్న నాచు పరక ఒకటి తీసుకుని దానికి తగిలీ తగలనట్టు తగిలించింది. ఆ చుక్క ఆగిపోయింది. ఒంటి మీది మచ్చల తోలు రెండు వైపులకీ జారి లోపలికి ముడుచుకుంది. మధ్యలోంచి తెల్లటి నూక బయటపడింది.

పిల్ల భూతద్దం ఇంకా దగ్గరికి పెట్టింది.

మా అమ్మాయి ఆవిడ మాటలు నాకు తెలుగులో చెప్పింది. ఈ నత్త బతికున్నన్నాళ్ళూ తన మాంసాన్నే గుల్ల మీద కప్పుకుని తిరుగుతుందట. అందుకే గుల్ల గీత పడకుండా అంత నున్నగా ఉంటుందట. ఆ తెలుపు బయటికి కనపడేది ఇలా బెదిరినప్పుడు, లేకపోతే పోయాక.

మేం చూస్తుండగానే ఆ తోలు మళ్ళీ నెమ్మదిగా పైకి పాకి, తెలుపంతా కప్పేసింది. మచ్చల చుక్క మళ్ళీ కదిలింది.

“అమ్మమ్మా, ఇది బతికే ఉంది.”

“అవును.”

చేతిలో సీసా వైపు చూసింది. “మరి ఇవి?”

“ఇవీ బతికినవే. కొన్ని నువ్వు ఏరకముందే పోయాయి. కొన్ని సీసాలో పోయాయి.”

“అమ్మా!” అని మా అమ్మాయి నన్ను ఆపబోయింది. నేను ఆగలేదు. అడిగినదానికి సగం చెబితే మిగతా సగం ఆ పిల్ల మళ్ళీ ఎక్కడ ఏరుకుంటుందో.

“ఐ డిడ్‌న్ట్ నో,” అంది పిల్ల చిన్న గొంతుతో. తర్వాత అడిగింది: “మరి తాతయ్యవి ఎక్కడున్నాయి?”

సముద్రం వైపు చూశాను. హార్బర్ గోడ దాటి, ఆ రోజు బోటు వెళ్ళిన వైపు. బూడిదరంగు నీళ్ళు, బూడిదరంగు ఆకాశం, మధ్య గీత కూడా లేదు.

“నాకు తెలీదు.”

“బయటికి రావా?”

“రావు.”

“తాతయ్య?”

ఇంట్లో అందరం ఇన్ని నెలలుగా కలిసిపోయారు, వెళ్ళిపోయారు, దేవుడి దగ్గరున్నారు అంటూ వచ్చాం. ఏ మాట చెబితే పిల్ల దాని వెంట పోయి వెతుకుతుందో ఎవరికి తెలుసు?

“తాతయ్య లేరమ్మా. చచ్చిపోయారు. మళ్ళీ రారు.”

ఆ మాట నేను అంతవరకూ నోటితో అనలేదు. పైకి అన్నాక నా చెవులకే వినపడింది.

ఆయన పోయిన రోజున పిల్ల ఏడవలేదు. బోటులో ఏడవలేదట, ఆ తర్వాతా ఏడవలేదు. అన్నీ దొరుకుతాయని ధైర్యంగా ఉందని ఇప్పుడు కదా తెలిసింది. ఆ తడిరాళ్ళ మీద చతికిలబడి, నోరంతా తెరిచి, దాని తాత కోసం ఏడ్చింది. నేను పక్కనే కూర్చున్నాను. తల నా ఒళ్ళో పెట్టుకుంది. చీర కుచ్చెళ్ళు తడిసి బరువెక్కాయి. ఊరుకోమని అనలేదు. ఎందుకు ఊరుకోవాలి? మా అమ్మాయి అటు తిరిగి నిలబడింది. ఆ నీలం కోటావిడ రాయిని ఎలా తీసిందో అలాగే మళ్ళీ గుంట మీద పెట్టి, కొంచెం దూరం జరిగి, మాకు వీపు పెట్టి నిలబడింది.

ఏడుపు తగ్గాక పిల్ల తనే లేచింది. ఈ బీచ్‌లో గవ్వలు ఏరి పట్టుకెళ్ళకూడదని, ఖాళీ గుల్లలు కూడా ఇంకేవో జీవాలకి పనికొస్తాయని ఆవిడ చెప్పింది. బోర్డు మీద కూడా అదే రాసి ఉందట. ఇన్నాళ్ళూ ఆ బోర్డు పక్కనే నేను కుర్చీ వేసుకుని కూర్చున్నాను. పిల్ల సీసా మూత తీసి నీళ్ళలో వంచింది. గవ్వలు మునిగాయి. కెరటం వచ్చి వెనక్కి వెళ్ళేసరికి ఏది గవ్వో ఏది ఇసుకో తెలియలేదు. పొట్లం విప్పింది. నేను దంచిన పొడి. గాలికి కొంత ఎగిరి నా స్వెటర్ మీద పడింది. ఆయన స్వెటర్.

తుడుచుకోలేదు.

ఇంటికొచ్చాక పిల్ల ఆ సీసా తెచ్చి నాకిచ్చింది. “ఆవాలకి,” అంది. కడిగి ఆరబెట్టాను. ఆవాలు అయిపోవచ్చాయి, కొత్తవి తెచ్చాం, ఇంకో డబ్బాలో పోశాను. ఆ సీసా ఖాళీగానే కిటికీ గట్టు మీద ఉంది. మా అమ్మాయి చూసింది. నన్ను పిసినారి అనే మనిషి, దాని మీది దుమ్ము తుడిచి మళ్ళీ అక్కడే పెట్టింది.

మళ్ళీ నెల కొత్త బియ్యం సంచి వచ్చింది. ఆయన పోయాక ఆ చేట గోడకే వేలాడుతోంది. దించి, దుమ్ము దులిపి, బియ్యం పోసుకుని కిటికీ దగ్గర కూర్చున్నాను. హోంవర్క్ చేసుకుంటున్న పిల్ల తలెత్తి చూసింది.

“అమ్మమ్మా, ఈ రైస్‌లో స్టోన్స్ ఉండవు. నువ్వే అనేదానివి, తాతయ్యని తిట్టేదానివి.”

“అన్నాను. వచ్చి కూర్చో.”

వచ్చింది. చేటకి అటువైపు, అది ఎప్పుడూ కూర్చునే చోటే కూర్చుంది. ఆయన చోట్లో నేనున్నాను. కాసేపు ఊరికే చూసింది. తర్వాత దాని చూపుడువేలు కదిలింది. నిండుగింజలు ఇటు, నూకలు అటు.

ఒక నూకని వేలికొసకి అంటించుకుని కిటికీ వెలుగులోకి ఎత్తింది. అటు తిప్పి ఇటు తిప్పి చాలాసేపు చూసింది. చేటలో నా వేలు ఆగిపోయింది.

“సగం,” అంది చివరికి. నూకల కుప్పలో పెట్టింది.